యుద్ధం సినిమాల్లో అసలు గాయం ఇంట్లోనే ఉంటుందా? (ఇన్సెండీస్, గ్రబావిట్సా, అమృత – స్పాయిలర్లు ఉన్నాయి)

గోదారిగట్టు:
ముందే చెప్తున్నా, ఇన్సెండీస్ చూడనోళ్ళు ఈ థ్రెడ్ ఇక్కడే మూసేసి వెళ్ళి చూసి రండి, ఆ ట్విస్టు చెప్పకుండా దీని గురించి మాట్లాడ్డం నా వల్ల కాదు. 2010లో వచ్చింది, తర్వాత డ్యూన్ తీసిన డెనీ విల్నూవ్ సినిమానే. వాజ్దీ మువాద్ అని లెబనాన్‌లో పుట్టి, యుద్ధం వల్ల చిన్నప్పుడే ఇంట్లోవాళ్ళతో దేశం వదిలేసి ఫ్రాన్సు మీదుగా కెనడా చేరినాయన 2003లో రాసిన నాటకం దీనికి మూలం. కథేంటంటే కెనడాలో నవాల్ అనే ఆవిడ చనిపోయాక కవల పిల్లలకి వీలునామాలో రెండు కవర్లు వదిలి వెళ్తుంది, ఒకటి మీ నాన్నకివ్వండి, ఒకటి మీ అన్నకివ్వండి అని. పిల్లలకేమో నాన్న ఎప్పుడో పోయాడనే తెలుసు, అన్న ఒకడున్నాడనే తెలీదు.

నన్ను పట్టుకున్న పాయింటు ఏంటంటే, ఈ సినిమా కథలో కాలం ప్రకారం చూసుకుంటే మొదటి తుపాకీ పేల్చింది నవాల్ సొంత అన్నదమ్ములు. శరణార్థి కుర్రాణ్ణి ప్రేమించింది, కడుపుతో ఉంది, ఇంటి పరువు పోయిందని వాణ్ణి ఆవిడ కళ్ళ ముందే కాల్చేస్తారు. ఆ సీను అర్థం కావడానికి మనకి సబ్‌టైటిల్ కూడా అక్కర్లేదు. యుద్ధం ఆ తర్వాత వస్తుంది. అంటే ఊళ్ళు తగలబడ్డానికి ముందే ఇంట్లో నిప్పు ఉందని చెప్తున్నాడు కదా డైరెక్టరు? చాలా వార్ సినిమాలు బాంబు పడింది, కుటుంబం చెదిరింది అని ఒకవైపే చూపిస్తాయి. ఇది రెండో వైపు నుంచి వస్తోంది. మీరేమంటారు?

సబ్‌టైటిల్ సుబ్బు:
సినిమా గొప్పదే, కాదనను, కానీ బ్రో ఒక్కసారి ఆ మడమ మీద మూడు చుక్కలు గుర్తుతెచ్చుకో. పుట్టిన బిడ్డ కాలికి ముసలమ్మ పచ్చబొట్టు పొడుస్తుంది, ఎన్నో ఏళ్ళకి ఇంకో ఖండంలో స్విమ్మింగ్ పూల్ దగ్గర తల్లి ఆ చుక్కలు చూసి కొడుకుని గుర్తుపడుతుంది. ఇది మన పాత సినిమాల్లో భుజమ్మీద పుట్టుమచ్చ చూసి తప్పిపోయిన తమ్ముణ్ణి గుర్తుపట్టడం కాక మరేంటి? మనోళ్ళు చేస్తే నాటు, ఫ్రెంచ్‌లో మాట్లాడితే ఆస్కార్ నామినేషనా. పైగా జైల్లో ఆవిణ్ణి పాడుచేసినోడే ఆ కొడుకు, ఆ కవలలకి తండ్రీ వాడే అన్నా వాడే. ఇంత లెక్కగా కుట్టిన కథలో యుద్ధం కన్నా స్క్రీన్‌ప్లే ఎక్కువ కనపడుద్ది నాకు.

గోదారిగట్టు:
సుబ్బు బ్రో నాటకం కాబట్టి అలా ఉంటుంది, గ్రీకు ట్రాజెడీ లెక్కలో రాశాడాయన, తెలీక సొంత తల్లినే పెళ్ళాడిన ఈడిపస్ కథే అది. లోకంలో ఇలా జరుగుద్దా అని అడిగితే జరగదు. ఒక తల్లి తన శత్రువుని చూసి వీడు నా కొడుకు అనుకోవాల్సి వస్తే ఏం చేస్తుంది అన్నదే ప్రశ్న. ఆవిడ రెండు ఉత్తరాలు రాస్తుంది, హింసించినోడికి ఒకటి, కొడుక్కి ఒకటి, రెండూ ఒక్కడికే చేరతాయి. ఒకదాంట్లో అసహ్యం, ఇంకోదాంట్లో ప్రేమ, ఒకదాన్ని ఇంకోటి కొట్టెయ్యదు. ఇది స్క్రీన్‌ప్లే ట్రిక్కు అంటే నేనొప్పుకోను.

కర్నూలోడు:
సుబ్బు అన్నా మనోళ్ళు చేస్తే నాటు అని కాదన్నా, మనోళ్ళు దాన్ని ఏ పనికి వాడినారో సూడు. మా సైడు ఫ్యాక్షన్ మీద 1999 నుంచి ఎన్ని సినిమాలొచ్చినాయో లెక్కలేదు. అన్నిట్లో అదే వరస, చిన్న పిల్లోడి ముందర నాయన్ని నరుకుతారు, వాడు యాడికో పోయి పెరిగి పెద్దోడై వచ్చి నరుకుతాడు, హాల్లో విజిల్స్. పగ అనేది వాడికి ఆస్తి మాదిరి వస్తాది, నాయన మీసం వచ్చినట్టే. వాడికి రాత్రుళ్ళు నిద్ర పట్టిందా, వాళ్ళమ్మ ఎట్ల బతికింది, అవతలోడి కొడుకు ఏమైనాడు, ఇవి ఎవురికీ పట్టవు. 2018లో అరవింద సమేత మటుకు కొంచెం ఆ పక్కకి పోయింది, గొడవ అయిపోయినాక ఇంట్లో ఆడోళ్ళు ఏమైతారు అనే కాడ మొదలు పెట్టినారు, నానమ్మ మాటకి హీరో ఊరిడిసి పోతాడు. అది కూడా మళ్ళ కత్తి పట్టే ఫైటు పెట్టకుండా ఉండలేకపాయ. రెండూ అమ్మాల కదా.

మా ఊర్లో ఆ కాలంలో మొగుణ్ణి పోగొట్టుకున్నోళ్ళు ఇప్పటికీ ఉండారు. వాళ్ళింట్లో ఎవురూ ఆ సినిమాలు పెట్టరు టీవీలో.

డాక్టరమ్మ:
గోదారిగట్టు గారూ మంచి టాపిక్ పెట్టారు. నేను సైకియాట్రీలో పనిచేస్తాను కాబట్టి ఒక మాట. ఈ మధ్య ఏ సినిమా రివ్యూ చూసినా "ట్రామా జీన్స్‌లో దిగుతుంది" అని రాసేస్తున్నారు, దయచేసి అంత తేలిగ్గా అనకండి. హోలోకాస్ట్ (నాజీలు యూదుల్ని చంపిన మారణకాండ) నుంచి బయటపడినవాళ్ళ మీద, వాళ్ళ పిల్లల మీద రేచల్ యెహూదా టీమ్ చేసిన స్టడీనే అందరూ చూపిస్తారు, అందులో బయటపడినవాళ్ళు 30 మందికి కాస్త ఎక్కువ, పిల్లలు అంతకన్నా తక్కువ. ఆసక్తికరమైన విషయమే గానీ దాని మీద అంత పెద్ద భవనం కట్టలేం. అసలు పీటీఎస్‌డీ (ఘోరమైనవి చూశాక మనసుకి పట్టుకునే రోగం) అనే పేరే అమెరికా సైకియాట్రీ పుస్తకంలోకి 1980లో ఎక్కింది, అదీ వియత్నాం నుంచి తిరిగొచ్చిన సైనికులు గోల చేసి చేసి సాధించుకున్నాక.

జీన్స్ సంగతి పక్కన పెడితే ఇంట్లో ఎలా దిగుతుందో మాత్రం కళ్ళ ముందు కనపడుతుంది. నాన్న చిన్న శబ్దానికే చెయ్యెత్తుతాడు, అమ్మ ఒక గదిలోకి ఎవర్నీ రానివ్వదు, ఫలానా సంవత్సరం గురించి ఎవరైనా అడిగితే అందరూ లేచి వెళ్ళిపోతారు. పిల్లలకి కారణం తెలీదు కానీ భయం మాత్రం వచ్చేస్తుంది. ఇన్సెండీస్‌లో కొడుకు సైమన్‌ని చూడండి, యుద్ధం చూడలేదు, కెనడాలో పెరిగాడు, కానీ ఆ కోపం ఎక్కణ్ణుంచి వచ్చింది? తల్లి వింత మనిషి అని తప్ప వాడికేమీ తెలీదు. నాకు ఆ ట్విస్టు కన్నా అది నిజం అనిపించింది.

సబ్‌టైటిల్ సుబ్బు:
ఇది ఒప్పుకుంటా డాక్టర్ గారూ. సైమన్ క్యారెక్టర్ కరెక్ట్.

నల్లమల:
అందరూ తల్లి, కొడుకు, మౌనం అని మాట్లాడుతున్నారు, నాకు ఇందులో పెద్ద ఇబ్బంది ఒకటుంది. సినిమాలో దేశం పేరు ఉండదు. ఊళ్ళ పేర్లు కల్పన, షూటింగ్ జోర్డాన్‌లో. కానీ చూస్తున్న ప్రతివాడికీ అది లెబనాన్ అని తెలుసు, 1975 నుంచి 1990 దాకా జరిగిన సివిల్ వార్. బస్సు తగలబెట్టే సీను, అందరికీ తెలిసిన సీను, 1975 ఏప్రిల్ 13న బీరూట్‌లో ఐన్ ఎల్ రెమ్మానె దగ్గర పాలస్తీనా వాళ్ళున్న బస్సు మీద కాల్పులు జరిపిన సంఘటన ఎరిగినోళ్ళకి వెంటనే తడుతుంది, యుద్ధం మొదలైంది అక్కడే అంటారు. నవాల్ పాత్ర వెనక సుహా బెషారా అనే నిజం మనిషి ఉంది. 1988లో ఆమెకి 21 ఏళ్ళు, సౌత్ లెబనాన్ ఆర్మీ అధిపతి ఆంత్వాన్ లహద్ ఇంట్లో అతని భార్యకి ఏరోబిక్స్ నేర్పడానికి చేరి అతన్ని కాల్చింది. వాడు బతికాడు, ఆమె ఖియామ్ జైల్లో పదేళ్ళు ఉంది, అందులో చాలా ఏళ్ళు ఒంటరి గదిలో. 1998లో వదిలారు.

ఇప్పుడు చూడండి ఏం జరిగిందో. ఆ సౌత్ లెబనాన్ ఆర్మీ వెనక ఇజ్రాయెల్ ఉంది, ఆ జైలు ఇజ్రాయెల్ ఆక్రమించిన నేల మీద నడిచింది. సినిమాలో అది మొత్తం మాయం. మిగిలింది ఏంటి, క్రిస్టియన్లు ముస్లింలు ఒకర్నొకరు చంపుకున్నారు, ఒక తల్లి నలిగిపోయింది. బెషారా చేసింది రాజకీయ చర్య, తను కమ్యూనిస్టు, తను ఎందుకు చేసిందో తెలిసి చేసిన మనిషి. ఆమెకి ఆ కొడుకు గిడుకు గొడవ ఏమీ లేదు. అది తీసేసి గర్భం కథ పెట్టారు. "హింసా చక్రం" అనే మాట నాకు అందుకే కొంచెం అనుమానం, చక్రం అంటే అదేదో తనంతట తనే తిరుగుతున్నట్టు, తిప్పేవాడు ఎవడూ లేనట్టు.

తూర్పుగాలి:
నల్లమల అన్నా ఇజ్రాయెల్ ఒక్కటే కనపడిందా నీకు, సిరియా వాళ్ళు లేరా, పాలస్తీనా పీఎల్ఓ వాళ్ళు లేరా, అక్కడ తుపాకీ పట్టనోడు ఎవడు, నీకెప్పుడూ ఒక సైడే

నల్లమల:
అందరూ ఉన్నారు తమ్ముడూ, నేను చెప్పేదీ అదే, అందరి పేర్లూ పెట్టి తీయాల్సింది.

మోడరేటర్:
ఇజ్రాయెల్-పాలస్తీనాకి వేరే థ్రెడ్ ఉంది, అక్కడ తిట్టుకోండి. ఇక్కడ సినిమాలు.

గోదారిగట్టు:
నల్లమల గారూ మీ పాయింటు బలమైనదే, కానీ పేర్లు పెట్టకపోవడం భయం వల్ల కాకపోవచ్చు. లెబనాన్‌లో 1991లో అందరికీ కలిపి క్షమాభిక్ష చట్టం చేసేశారు, మిలీషియా (ప్రైవేటు సాయుధ ముఠాల) నాయకులే సూట్లేసుకుని మంత్రులయ్యారు, స్కూలు పాఠాల్లో ఆ యుద్ధం ఊసే ఉండదు, కనపడకుండా పోయినవాళ్ళు 17,000 మంది దాకా అంటారు, వాళ్ళని వెతకడానికి ఒక కమిషన్ పెడుతూ చట్టం రావడానికి 2018 దాకా పట్టింది. దేశం మొత్తం నవాల్ లాగే నోరు కట్టేసుకుంది. అలాంటి చోటు గురించి రాసినోడు పేరు చెప్పకుండా రాస్తే అది కూడా ఒక రకంగా నిజమే.

వాల్ట్జ్ విత్ బషీర్ చూశారా ఎవరైనా? 2008, యానిమేషన్. అది ఇదే యుద్ధం, పేర్లన్నీ ఉంటాయి. ఆరీ ఫోల్మన్ ఇజ్రాయెల్ సైనికుడిగా 1982లో లెబనాన్‌లో ఉన్నాడు, సబ్రా షటీలా అనే పాలస్తీనా శరణార్థి క్యాంపుల్లో ఊచకోత జరుగుతున్నప్పుడు పక్కనే ఉన్నాడు, అయినా ఏదీ గుర్తు లేదు. పాత స్నేహితుల్ని ఒక్కొక్కర్నీ అడుగుతూ పోతాడు. వాళ్ళమ్మా నాన్నా ఆష్విట్జ్ నాజీ క్యాంపు నుంచి బతికి బయటపడినోళ్ళు. ఒక ఫ్రెండ్ అంటాడు, నీకు ఈ క్యాంపులు కాదు, ఆ క్యాంపులు గుర్తొస్తున్నాయి అని. బాధపడినోళ్ళ కొడుకు ఇంకొకళ్ళ బాధకి కాపలా కాసినోడయ్యాడు.

డాక్టరమ్మ:
అందులో మొదటి కల, 26 కుక్కలు వెంటపడేది. ఊళ్ళోకి వెళ్ళే ముందు కుక్కలు అరవకుండా వాటిని కాల్చే పని ఆ అబ్బాయికి ఇస్తారు, మనుషుల్ని కాల్చలేడని. ఇరవై ఏళ్ళ తర్వాత ప్రతి కుక్క మొహం గుర్తుంటుంది. నిజంగా పేషెంట్లు చెప్పేవి అలాగే ఉంటాయి, పెద్ద యుద్ధం గురించి చెప్పరు, ఒక చెప్పు గురించో ఒక వాసన గురించో చెప్తారు.

పాతచింతకాయ:
ఇంతసేపు లెబనాన్ ఇజ్రాయెల్ అంటున్నారు, మీ ఇంట్లో అటక మీద ఉన్న పుస్తకం ఎవరూ తీయరే. సౌప్తిక పర్వం. నిద్రపోతున్న ద్రౌపది కొడుకులు అయిదుగుర్నీ అశ్వత్థామ చంపుతాడు, ఎందుకు, తన నాన్న ద్రోణుణ్ణి అబద్ధం చెప్పి చంపారని. భారతంలో ద్రౌపది వాడి ప్రాణం కావాలంటుంది, ప్రాయోపవేశానికి కూర్చుంటుంది. అదే పోతన భాగవతానికి వచ్చేసరికి వాణ్ణి కట్టి తెస్తే "నీ చేతులెట్లాడెనో" అని ఏడుస్తుంది కానీ చంపొద్దంటుంది, నాలాగే నీ తల్లి కూడా ఎక్కడో ఏడుస్తూ ఉంటుందని. భీముడికి మండిపోతుంది, వెర్రిది ద్రౌపది అంటాడు. ఒక్క కథకి రెండు ద్రౌపదులు, మీ నవాల్ రెండు ఉత్తరాలూ అవే.

అయితే అక్కడితో ఆగిందా? ఆగలా. వదిలేసిన అశ్వత్థామ వెళ్ళి ఉత్తర కడుపు మీదకి బ్రహ్మాస్త్రం వేశాడు. క్షమిస్తే చక్రం ఆగుద్ది అని సినిమాల్లో చూపిస్తారు, మనవాళ్ళు అంత అమాయకంగా రాయలేదు. ఆ కడుపులో బతికిన పరీక్షిత్తుని తక్షకుడు కరిచాడు, కొడుకు జనమేజయుడు లోకంలో పాములన్నిటినీ కాల్చడానికి యాగం పెట్టాడు. ఆ తక్షకుడికీ పాత పగ ఉంది, ఖాండవం తగలబెట్టినప్పుడు అర్జునుడి బాణానికి అతని భార్య పోయింది. భారతం మొత్తం ఆ యాగం దగ్గరే చెప్పారు, పగతో మండుతున్న హోమం పక్కన కూర్చుని ముత్తాతల పగ కథ విన్నాడాయన. చివరికి ఆపింది ఎవరు? ఆస్తీకుడు, చిన్న కుర్రాడు. తండ్రి బ్రాహ్మడు, తల్లి నాగకన్య. రెండు పక్షాల నెత్తురూ ఉన్నవాడు.

సబ్‌టైటిల్ సుబ్బు:
తాతగారూ 🙏 ఆస్తీకుడి సంగతి ఈ కోణంలో ఎప్పుడూ తట్టలేదు. ఇన్సెండీస్ కవలలు కూడా అంతేగా. గ్రబావిట్సాలో సారా కూడా.

గోదారిగట్టు:
గ్రబావిట్సా చూడనోళ్ళకి: 2006, యాస్మిలా జ్బానిచ్ మొదటి పెద్ద సినిమా, బెర్లిన్‌లో గోల్డెన్ బేర్ వచ్చింది. బోస్నియా యుద్ధం అయ్యాక సరయెవోలో ఎస్మా అనే తల్లి, పన్నెండేళ్ళ కూతురు సారా. స్కూలు టూరుకి డబ్బు కట్టాలి. యుద్ధంలో అమరుడైన సైనికుడి పిల్లలకి రాయితీ ఉంది, సర్టిఫికెట్ తెమ్మంటారు. మీ నాన్న అమరుడనే కదా తల్లి చెప్తూ వచ్చింది, మరి ఆ కాగితం ఎందుకు తేదు? కథ మొత్తం ఆ కాగితం మీదే నడుస్తుంది. తల్లి నైట్‌క్లబ్‌లో పనికి చేరి, అప్పులడిగి, పూర్తి డబ్బు కట్టడానికి చూస్తుంది గానీ కాగితం మాట ఎత్తదు. ఎందుకంటే సారా తండ్రి క్యాంపులో ఆవిణ్ణి చెరిచిన వాళ్ళలో ఎవడో ఒకడు. ఒక్క ఫ్లాష్‌బ్యాక్ లేదు. సారా ఎవడిదో పిస్టల్ తీసుకుని తల్లికే గురిపెట్టి అడుగుతుంది, అంతే. సుబ్బు బ్రో నీకు పుట్టుమచ్చలు నచ్చకపోతే ఇది చూడు.

సబ్‌టైటిల్ సుబ్బు:
చూశా చూశా. దీన్నే ఇన్సెండీస్ కన్నా పైన పెడతా ఎప్పుడూ. దీనికి నామినేషన్ రాలేదు చూడు.

జనగామ పిల్ల:
నేను చదువుకుంట ఊకున్న ఇంతసేపు, ఇప్పుడు జర కోపమొస్తుంది. ఆస్తీకుడు ఆపిండు, కవలలు ఉత్తరాలు ఇచ్చిండ్రు, సారా గుండు గీసుకొని బస్సెక్కింది, మంచిగుంది, గని ఎవరో చేసిన పాపానికి పుట్టిన పిల్లల మీదనే ఆ బరువంత ఎందుకేస్తరు? పిల్ల నవ్వితే పెద్దోళ్ళకు కడుపు సల్లవడుతది, సినిమా అయిపోతది. అసలు బోస్నియాల ఏమైందంటే, ఆ సినిమా వచ్చినంక జనం సంతకాలు పెట్టి గొడవ చేస్తే 2006లనే అక్కడి ఫెడరేషన్ అనే భాగంల అత్యాచారానికి గురైన ఆడోళ్ళను యుద్ధ బాధితులని చట్టంల రాసిండ్రు. అది మంచే. మరి ఆళ్ళకు పుట్టిన పిల్లలను గట్ల గుర్తించనీకె 2023 దాక పట్టింది. అప్పటికి ఆ పిల్లలకు ముప్పై ఏండ్లు. స్కూల్ల ఫారం మీద తండ్రి పేరు కాడ ఏం రాయాల్నో తెల్వక పెరిగిండ్రు ఆళ్ళు.

మా అమ్మమ్మది బైరాన్‌పల్లి దిక్కు. 1948 ఆగస్టుల రజాకార్లు ఆ ఊరి మీద పడి చంపిన సంగతి అందరికి తెలుసు, బురుజు ఇప్పటికుంది, సభలు వెడతరు, దండలేస్తరు. సచ్చిపోయిన మొగోళ్ళ పేర్లు రాసిండ్రు. ఆ దినం ఆడోళ్ళకు ఏమైందో మా అమ్మమ్మ ఒక్కనాడు చెప్పలే, మేం అడిగితే జొన్నలు చెరుగుకుంట ఊకునేది. అమరుడికి కాగితం ఉంటది, ఎస్మాకు ఉండది. గ్రబావిట్సా నాకు బోస్నియా సినిమా లెక్క అనిపియ్యలే.

కర్నూలోడు:
అక్కా నువ్వు చెప్పింది సత్యం.

స్కార్‌బరో సుజాత:
టొరంటో నుంచి. మా వీధిలో సగం మంది జాఫ్నా వాళ్ళు, మా అబ్బాయి ఫ్రెండ్స్ అందరూ వాళ్ళ పిల్లలే. అమృత గురించి ఎవరూ ఎత్తలేదు కాబట్టి నేనే ఎత్తుతున్నా, మణిరత్నం 2002 సినిమా, తమిళంలో కన్నత్తిల్ ముత్తమిట్టాల్. తొమ్మిదో పుట్టినరోజు నాడు నువ్వు మా కడుపున పుట్టలేదు అని చెప్తారు ఆ పిల్లకి, కన్నతల్లిని చూడాలని పట్టుబట్టి శ్రీలంక తీసుకెళ్తుంది అందర్నీ. తల్లి నందితా దాస్, పోరాటంలో ఉంటుంది. చివర్లో పార్కులో కలుస్తారు, పిల్ల నాతో రా అంటుంది, ఈ దేశంలో శాంతి వచ్చాక రా అన్నట్టు చెప్పి వెళ్ళిపోతుంది తల్లి. మనం ఇండియాలో ఏడ్చి కళ్ళు తుడుచుకుని బయటికొచ్చాం, పాటలు విన్నాం.

మా పక్కింటావిడ ఆ సినిమా సగంలో ఆపేసిందట. తల్లి బిడ్డని ఎందుకు వదిలిందో ఆ సినిమా చెప్పలేదు, ఎంత అందంగా ఏడ్చిందో మాత్రం చూపించింది అంటుంది. 2009లో యుద్ధం అయిపోయింది కదా, శాంతి వచ్చింది కదా, మరి ఎవరు కలిశారు? 2017 నుంచి కిలినొచ్చిలో, వవునియాలో తల్లులు రోడ్డు పక్కన టెంట్లు వేసుకుని ఫొటోలు పట్టుకుని కూర్చున్నారు, సైన్యానికి అప్పగించిన మా పిల్లలేరీ అని. సినిమాలో పిల్ల తల్లిని వెతికింది, బయట తల్లులు పిల్లల్ని వెతుకుతున్నారు. కొంతమంది అలా కూర్చునే పోయారు.

నేను సినిమాని తక్కువ చేయట్లేదు. తొమ్మిదేళ్ళ పిల్ల కళ్ళతో చూపిస్తే యుద్ధం ఎందుకు జరుగుతోందో చెప్పక్కర్లేని వెసులుబాటు వస్తుంది డైరెక్టర్‌కి. నల్లమల గారు అన్నది నాకు ఇక్కడే అర్థమైంది.

నల్లమల:
థాంక్స్ సుజాత గారు. సరిగ్గా అదే.

పాతచింతకాయ:
జనగామ అమ్మాయీ, నీ కోపం న్యాయమైనదే. ఆస్తీకుణ్ణి కన్నదే ఆ పని కోసం అని భారతంలో స్పష్టంగా ఉంది, నాగుల్ని కాపాడ్డానికి ఒక కొడుకు కావాలని వాసుకి తన చెల్లెల్ని ఆ మునికిచ్చి పెళ్ళి చేశాడు. పుట్టకముందే ఉద్యోగం ఇచ్చారు పిల్లాడికి.

సబ్‌టైటిల్ సుబ్బు:
కమ్ అండ్ సీ గురించి చెప్పకుండా ఈ థ్రెడ్ వదలను. ఎలెమ్ క్లిమోవ్, 1985, బెలారుస్‌లో 1943. ఊళ్ళకి ఊళ్ళు మనుషుల్ని చర్చిలోనో కొట్టాల్లోనో పెట్టి తగలబెట్టారు అక్కడ నాజీలు, సినిమా చివర 628 ఊళ్ళు అని అక్షరాలు పడతాయి. హీరో ఫ్లోరా కుర్రాడే, సినిమా అయ్యేసరికి మొహం ముసలోడిలా ముడతలు పడిపోద్ది. అప్పుడు బురదలో హిట్లర్ ఫొటో కనపడితే కాలుస్తాడు, కాల్చిన ప్రతిసారీ చరిత్ర వెనక్కి తిరుగుద్ది, బాంబులు విమానాల్లోకి పోతాయి, సైన్యం వెనక్కి నడుస్తుంది, చివరికి తల్లి ఒళ్ళో ఉన్న పసిబిడ్డ హిట్లర్ దాకా వచ్చి ఆగుతుంది. కుర్రాడు కాల్చలేడు. జనగామ అక్క ప్రశ్నకి ఇదే దగ్గరగా ఉంది అనిపిస్తుంది నాకు, ఇక్కడ ఎవడూ ఆ పిల్లోడికి క్షమించరా అని నేర్పలేదు, వాడే ఆగాడు. ఆగి మళ్ళీ వెళ్ళి పార్టిజాన్ల (నాజీల మీద పోరాడే గెరిల్లాల) లైన్లోనే కలుస్తాడు, యుద్ధం మానలేదు.

జనగామ పిల్ల:
గది మంచిగుంది. పగ ఇడిసిండు గని కొట్లాట ఇడువలే. రెండు ఒకటి కాదు కద.

కర్నూలోడు:
మా సినిమాల్లో అయితే ఆ పసిబిడ్డ కాడ ఇంటర్వెల్ వేసి, "ఇరవై ఏండ్ల తర్వాత" అని బోర్డు పెడతారు 😂

తూర్పుగాలి:
సరే ఒక డౌట్, మా నాన్న ఎక్స్ సర్వీస్, ఐపీకేఎఫ్‌లో (శ్రీలంకకి పంపిన మన శాంతి సైన్యం) జాఫ్నా వెళ్ళొచ్చాడు, ఎప్పుడూ ఏం చెప్పడు. వీటిలో ఏదైనా ఆయనతో కూర్చుని చూడొచ్చా, లేక ఊరికే కెలికినట్టవుతుందా

డాక్టరమ్మ:
ముందు చెప్పకుండా హఠాత్తుగా పెట్టకు బాబూ. కమ్ అండ్ సీ అసలొద్దు, అమృత కూడా ఆయన చూసిన నేలే కాబట్టి ఆయన అడిగితే తప్ప వద్దు. ఏదైనా పెట్టేట్టయితే ఇది ఫలానా సినిమా, మధ్యలో ఆపేద్దామంటే ఆపేద్దాం అని ముందే చెప్పు, పగటిపూట పెట్టు. సినిమా అయ్యాక ప్రశ్నలు వెయ్యకు. ఆయన లేచి వెళ్ళిపోతే వెనకాల వెళ్ళకు, కాసేపాగి టీ పెట్టివ్వు. నిద్ర పట్టకపోవడం, ఊరికే కోపం రావడం లాంటివి ముందు నుంచే ఉంటే సినిమా సంగతి తర్వాత, డాక్టర్ దగ్గరికి తీసుకెళ్ళు, వయసైపోయింది ఇప్పుడెందుకు అనుకోవద్దు.

తూర్పుగాలి:
సరే అక్కా. నల్లమల అన్నా పొద్దున అన్నదానికి సీరియస్ అవ్వకు.

నల్లమల:
అయ్యేదేముంది. నాన్నగారు ఏ రెజిమెంటో పర్సనల్ మెసేజ్ పెట్టు, మా బాబాయి కూడా 1987లో అక్కడే ఉన్నాడు.